పైపుటల ఫారాలమ్మ

ఆ బైండింగు దుకాణంలో మనుషులకు తల్లిదండ్రులు పెట్టిన పేర్లు గుమ్మం దాకా వచ్చి ఆగిపోయేవి. లోపల అడుగు పెట్టినది మొదలు ఎవరు చేసే పని వారికి పేరు. అచ్చయి వచ్చిన పెద్ద కాగితాలను మడిచి, ఆ మడతలను వరుస తప్పకుండా పేర్చే మనిషి ఫారాలమ్మ. పేర్చినవాటిని దారంతో కుట్టే మనిషి సూదమ్మ. కుట్టిన వీపుకు జిగురు పూసి అట్ట అంటించే మనిషి జిగురమ్మ. యజమానిని మాత్రం మేస్త్రి అనేవారు. ఆయన చేసే పని ఫలానా అని ఎవరూ తేల్చి చెప్పలేకపోవడం చేత ఆయనకు ఆ గౌరవనామం మిగిలింది.

ఫారాలమ్మ ఏభై దాటిన మనిషి. పొట్టిగా, గట్టిగా, నడకలో చిన్నపాటి తూగుతో ఉండేది. ఆ తూగు పుట్టుకతో వచ్చినది కాదు, బల్ల చుట్టూ తిరగడం వల్ల వచ్చినది. తిరగడమెందుకో చెప్పాలంటే ఫారమంటే ఏమిటో ముందు చెప్పాలి. పెద్ద కాగితం మీద రెండు వైపులా కలిపి పదహారు పుటలు అచ్చవుతాయి. దానిని సగానికి, మళ్లీ సగానికి, మరొక్కసారి సగానికి మడిస్తే పదహారు పుటల చిన్న కట్ట తయారవుతుంది. అదే ఫారం. పొడవాటి బల్ల మీద ఒకటో ఫారాల దొంతర, దాని పక్కన రెండోదాని దొంతర, ఇలా పుస్తకమంతా బల్ల పొడవునా పరచుకుని ఉంటుంది. బల్ల చుట్టూ నడుస్తూ ఒక్కొక్క దొంతర మీది నుంచి ఒక్కొక్క ఫారం తీసి చేతిలో పేర్చుకుంటూ పోతే, చుట్టు పూర్తయ్యేసరికి ఒక పుస్తకం. మళ్లీ ఒక చుట్టు, మళ్లీ ఒక పుస్తకం. ఉదయం మొదలుపెడితే సాయంకాలానికి ఎన్ని చుట్లో ఆవిడ ఎన్నడూ లెక్క పెట్టలేదు. మోకాళ్లు లెక్క పెట్టుకునేవి.

దొంతర మీద ప్రతి ఫారానికీ మొదటి పుట ఒక్కటే పైకి కనిపిస్తుంది. తక్కిన పదిహేను పుటలూ మడతలోనో అడుగునో దాగి ఉంటాయి. ఫారాలమ్మకు అక్షరం కంటబడితే వదలడం చేతకాదు. ఒక చుట్టుకు ఒక వాక్యం, మరో చుట్టుకు మరో వాక్యం చొప్పున, పొద్దు వాలేలోగా ఆ పుస్తకంలోని పైపుటలన్నీ ఆవిడకు కంఠస్థమయ్యేవి. కనిపించని పుటల మాటేమిటంటారా, అవి ఆవిడ సొంత ఆస్తి. వాటిలో ఎవరిని పుట్టించాలో, ఎవరికి ఎవరితో తగవు పెట్టాలో, చివరికి ఎవరిని ఊరడించాలో, అంతా ఆవిడ ఇష్టం.

ఆ దుకాణానికి వచ్చేవి ఎక్కువగా మనుషుల బతుకులను గురించి ఆలోచించే పుస్తకాలు. పట్టణాలు పెరిగితే పలకరింపులు ఎందుకు తరుగుతాయి, పిల్లలు ఏ భాషలో అలుగుతారు, నువ్వెవరు అని అడిగితే ఒక ఇల్లాలు ఏమని జవాబు చెబుతుంది, ఇటువంటి విషయాలను సావకాశంగా చర్చించే రచనలు. ఒకసారి ఒక పైపుట, “కనుకనే ఆ వీధిలో ఎవరూ ఎవరి తలుపూ తట్టరు” అని మొదలైంది. ఎందుచేతనో ఆ పుటలో లేదు. అంతకు ముందరి ఫారం కడపటి పుటలో ఉండి ఉంటుంది. అది బోర్లా పడి ఉంటుంది. ఫారాలమ్మ రెండు చుట్లు ఆలోచించి, ఆ వీధిలో ప్రతి తలుపుకూ ఇవతల ఒక కుక్క, అవతల ఒక అత్తగారు ఉన్నారని నిశ్చయించింది. ఆ మధ్యాహ్నం భోజనాల వేళ దుకాణమంతా నవ్వి నవ్వి పొలమారింది.

భోజనాల వేళ ఆవిడదే రాజ్యం. కాగితపు గుట్టల మధ్య చోటు చూసుకుని ఆడవాళ్లందరూ డబ్బాలు విప్పుకుని కూర్చునేవారు. మేస్త్రి తన బల్ల దగ్గర ఏవో కాగితాలు తిరగేస్తూ, వినడం లేదన్నట్టు నటిస్తూ వినేవాడు.

“ఊఁ, ఆ తర్వాత?” అని జిగురమ్మ నోట్లో ముద్ద పెట్టుకోకుండానే అడిగేది.

“వదినను కాస్త నమలనివ్వవే. నీకు కథ కావాలి, అందుకు వదిన ప్రాణం పోవాలి” అని సూదమ్మ కసిరేది.

“నమిలితే మర్చిపోతుంది అక్కా. వేడి మీద ఉన్నప్పుడే రాబట్టాలి.”

ఆవిడ చదివేది పైపుటలు మాత్రమేనని అందరికీ తెలుసు. అయితే పైపుట ఎక్కడ ముగిసిందో, ఫారాలమ్మ ఎక్కడ మొదలైందో మాత్రం ఎవరికీ తెలియదు. కొన్నాళ్లకు ఆవిడకే తెలియడం మానేసింది. “పుస్తకం ఏమంటోందంటే” అని మొదలుపెట్టి, ఆ మాట నీడన కూర్చుని తన మనసులో ఉన్నదంతా చెప్పేది. ఆ నీడ లేకపోతే తన మాట ఎవరు వింటారన్న అనుమానం ఆవిడకు ఉండేదో లేదో. ఆ సంగతి విచారించే తీరిక మాత్రం ఎన్నడూ చిక్కలేదు.

సూదమ్మా జిగురమ్మా సొంత అక్కచెల్లెళ్లు. సూదమ్మ పెద్దది, భర్త పోయి చాలాకాలమైంది. జిగురమ్మ పెళ్లి చేసుకోలేదు. రెండు గదుల ఇంట్లో ఇద్దరూ కలిసి ఉండేవారు. వారి ఇంటి తగవులు పొద్దున్నే వారితోపాటు దుకాణానికి నడిచి వచ్చేవి. చెల్లెలు కుళాయి సరిగా కట్టదని అక్క, అక్క కిటికీ తెరవనివ్వదని చెల్లెలు, రేడియో గురించి ఇద్దరూ. ఆ తగవులు విని తీర్పు చెప్పడం దుకాణంలో అందరికీ ఒక వేడుక. తీర్పు ఎటు చెప్పినా, ఓడినవారిని గెలిచినవారే వెనకేసుకుని వచ్చేవారు. “మా చెల్లెల్ని అనడానికి నువ్వెవరు” అని సూదమ్మ మేస్త్రి మీదికే సూది ఎత్తిన సందర్భం కూడా ఒకటున్నది.

ఇలా ఉండగా నీలం అట్ట పుస్తకం వచ్చింది. దుకాణంలో పుస్తకాలను పేర్లతో పిలవరు, అట్ట రంగుతో పిలుస్తారు. ఇది ఈనాటి కాపురాల మీద వచ్చిన పుస్తకం. అందులో నడిమి ఫారం పైపుట ఫారాలమ్మను పట్టేసింది.

“ఇంతకీ ఇవాళ నీలం అట్ట ఏమంటోంది వదినా?” అని మధ్యాహ్నం జిగురమ్మ అడిగింది.

ఫారాలమ్మ గొంతు సవరించుకుని కంఠస్థమైన ముక్కను అప్పజెప్పింది. “ఏళ్ల తరబడి ఒకే కప్పు కింద బతికిన ఇద్దరు ఒకరికొకరు కనిపించడం మానేస్తారు. గోడకున్న మేకు మనకు కనిపిస్తుందా? అలాగే. అటువంటివారు వేరుపడాలి. వేరుపడితే ఎదురుచూపు పుడుతుంది. ఎదురుచూపు పుడితే ప్రేమ నిలుస్తుంది.”

అక్కడికి పైపుట అయిపోయింది. ఫారాలమ్మ ఆగలేదు. ఎక్కడో ఒక మహానగరంలో ఇద్దరు అక్కచెల్లెళ్లున్నారనీ, మాటామాటా పెరిగి వేరుపడ్డారనీ, వేరుపడిన కొత్తల్లో బెంగపడ్డా, సెలవు రోజున ఒకరింటికొకరు చుట్టాల్లాగా ముస్తాబై వెళ్లడం మొదలుపెట్టారనీ చెప్పింది. ఒక వర్షపు రోజున ఇద్దరూ ఒకేసారి బయలుదేరి, ఒకే రంగు గొడుగులతో దారి మధ్యలో ఎదురుపడ్డారట. ఒకరి గొడుగు మూసేసి, ఒక్క గొడుగు కింద నడిచారట. ఆ గొడుగులకు ఎర్ర రంగు వేసేసరికి ఫారాలమ్మ కళ్లే చెమర్చాయి.

“ఎంత బాగా రాశాడమ్మా!” అని జిగురమ్మ కళ్లొత్తుకుంది.

సూదమ్మ సూదిలోకి దారం ఎక్కిస్తూ, “బాగానే ఉంది” అన్నది. ఆ మాట అని చెల్లెలి వైపు చూసింది. ఆమె చూపు తిప్పుకునేసరికి చెల్లెలు అక్క వైపు చూసింది. ఆ రెండు చూపులూ ఒకదానికొకటి తగలలేదు.

నాలుగు రోజులు పోయాక సూదమ్మ మేస్త్రి దగ్గరకు వెళ్లి, పాత అట్టపెట్టెలు ఏమైనా ఉంటే ఇప్పించమని అడిగింది.

“ఎందుకమ్మా?”

“వేరే గది చూసుకున్నానండి. ఆదివారం పొద్దున్నే మారుతున్నాను.”

“చెల్లెలో?”

“అది అక్కడే ఉంటుంది. పోట్లాడుకుని కాదండోయ్. నీలం అట్టలో చెప్పారుగా, ఎడంగా ఉంటే మంచిదని.”

దుకాణంలో కత్తిరింపు యంత్రం చప్పుడు ఆగింది. అందరూ ఫారాలమ్మ వైపు తిరిగారు. జిగురమ్మ ఒక్కతే తల ఎత్తకుండా, పూసిన జిగురు మీదే మళ్లీ జిగురు పూస్తూ ఉన్నది.

నిజం చెప్పాలంటే ఫారాలమ్మకు మొదట కలిగినది గర్వం. తన నోటి మాటకు ఒక ఇల్లు కదిలింది! ఇంతకాలం తన కథలకు జనం నవ్వారు, ఏడ్చారు, డబ్బాలు కడుక్కుని లేచిపోయారు. ఇప్పుడొకరు పెట్టె సర్దుకుంటున్నారు. ఆ సంతోషంతో ఆవిడ శనివారం సాయంకాలం రెండు అంగల్లో ఇంటికి చేరింది.

ఇంట్లో కూరలు తరుగుతున్నది కోడలు. ఆ ఇంటికి వచ్చి ఏడాది కాలేదు. టెలిఫోను కార్యాలయంలో ఉద్యోగం, తక్కువ మాట, ఎక్కువ నవ్వు. కొడుకు పని మీద ఊళ్లు తిరిగే మనిషి కావడం వల్ల అత్తాకోడళ్లకు ఒకరికొకరు కాలక్షేపం. మామగారు, అంటే ఫారాలమ్మ భర్త, బస్సు నడిపి ఉద్యోగ విరమణ చేసినవాడు. ఇప్పటికీ కుర్చీలో కూర్చుంటే కుడికాలు బ్రేకు మీద ఉన్నట్టే పెట్టేవాడు.

“వచ్చావా పండితురాలా! ఇవాళ ఏం పారాయణం?” అన్నాడాయన.

ఫారాలమ్మ చెప్పులైనా విడవకుండా జరిగినదంతా ఏకరువు పెట్టింది. నీలం అట్ట, పైపుట, గొడుగులు, సూదమ్మ పెట్టెలు. చెప్పి, మెచ్చుకోలు కోసం ఇద్దరి మొహాలూ చూసింది.

కోడలు కత్తిపీట మీద చెయ్యి ఆపి, “అత్తయ్యా, ఆ పుస్తకం నా దగ్గరుంది. మొదటి విడత ప్రతులు అంగడికి రాగానే కొని, మొన్న బస్సులో చదివేశాను” అన్నది.

“చదివావా! దాన్ని పేర్చింది నేనే, ఎరుగుదువా?”

“అందులో గొడుగులు లేవు అత్తయ్యా.”

“అవునులే, గొడుగులు కొంచెం నేను...”

“వేరుపడమని కూడా లేదు.”

ఫారాలమ్మ నవ్వింది. “పిచ్చిదానా, నాకు కంఠస్థమే. విను. ‘ఏళ్ల తరబడి ఒకే కప్పు కింద...’”

“ఆ మాట ఉంది. కాని అది రాసినాయన మాట కాదు. ముందు పేజీ అడుగున ‘మా పక్కింటి పెద్దమనిషి నాకిలా బోధించేవాడు’ అని ఉంటుంది. తర్వాత మీరు చెప్పిందంతా ఉంటుంది. ఆ పేజీ తిప్పగానే, ‘ఆయన మాట నమ్మి నేను బోల్తాపడ్డాను’ అని మొదలుపెడతాడు. అక్కణ్ణుంచి ఆ ప్రకరణమంతా తను ఎలా బోల్తాపడ్డాడో చెప్పడమే.”

ముందు పుట ఒక ఫారానికి కడపటిది. తరువాతి పుట పైపుట ఉన్న ఫారం మడతలోనిది. ఆ రెంటి నడుమ పైపుట ఒక్కటే, అటు తల్లినీ ఇటు తండ్రినీ పోగొట్టుకున్న బిడ్డలాగా, దొంతర మీద వెల్లకిలా పడుకుని ఉన్నది. ఫారాలమ్మ దానిని ఎత్తుకుని ఊరంతా తిప్పి వచ్చింది.

“అంటే,” మామగారు సావధానంగా అన్నాడు, “నువ్వు ఎవరో పక్కింటాయన సలహా మీద వాళ్ల కాపురం విడగొట్టావన్నమాట.”

“మీరు ఊరుకోండి!” అని ఫారాలమ్మ కసిరింది. సంచీ నేల మీద పెట్టి గోడకు చేరగిలబడింది. పొద్దున జిగురు మీద జిగురు పూసిన జిగురమ్మ కళ్ల ముందు మెదిలింది. వేరుపడితే మాత్రమేం, ఇద్దరూ ఒకే ఊళ్లో ఉంటారుగా అని ఒకసారి సర్దిచెప్పుకున్నది. వాళ్లకే ఇష్టమై ఉండవచ్చు గదా అని మరొకసారి అనుకున్నది. ఇష్టమైన పనే అయితే ఆ చెల్లెలు అలా నేల చూపులు చూస్తుందా? రేపు వెళ్లి ఇది తప్పని చెబితే ఇక ముందు తన నోట ‘పుస్తకం ఏమంటోందంటే’ అన్న మాటకు విలువ ఉంటుందా? భోజనాల వేళ తనచుట్టూ ఎవరు కూర్చుంటారు?

ఈ ప్రశ్నలన్నీ వరసగా వచ్చి, వరసగా వెళ్లిపోయాయి. పెట్టెలు మాత్రం వెళ్లలేదు.

“ఆ పుస్తకం ఇలా ఇయ్యి. చదువుతాను” అన్నది.

అప్పుడు బయటపడింది అసలు ఇబ్బంది. ఇన్ని పుస్తకాలు పుట్టించిన ఆవిడ ఒక్క పుస్తకాన్నైనా వరసగా చదివి ఎరగదు. ఒక పుట అయ్యేసరికి బొటనవేలు తనంత తానే పదిహేను పుటలు దాటవేసి తరువాతి పైపుట మీద నిలిచేది. మళ్లీ వెనక్కి తిప్పితే మళ్లీ దాటేది.

“ఆ వేలు నాది కాదే, దుకాణానిది!” అని ఫారాలమ్మ వాపోయింది.

“నా వేలు తీసుకోండి” అని కోడలు పక్కన కూర్చుని ఒక్కొక్క పుటా తాను తిప్పింది. మామగారు కూడా కుర్చీ దగ్గరకు జరుపుకున్నాడు. ఫారాలమ్మ మొదట తడబడినా, తరువాత కుదుటపడి, చివరికి లోకం మరిచి చదివింది. మడతలో ఇంత మంది మనుషులున్నారా అని ఆవిడకు ఆశ్చర్యం. తాను కల్పించినవారికంటే వీరు తక్కువ మాట్లాడతారు, ఎక్కువ పొరపాట్లు చేస్తారు. రెండు చోట్ల ఆవిడ బిగ్గరగా నవ్వింది. ఒకచోట రచయితను, “ఓరి నీ బుద్ధి తెల్లారినట్టే ఉందిరా!” అని మందలించింది కూడా.

ఆదివారం పొద్దున అత్తాకోడళ్లు వెళ్లేసరికి అక్కచెల్లెళ్ల ఇంటి ముందు సామాన్ల బండి ఆగి ఉన్నది. సగానికి పైగా ఎక్కించేశారు. మంచం, బల్ల, తప్పు అచ్చుపడిన అట్టలతో చేసిన పెట్టెలు. బండి తోలే ఆయన తాడు బిగిస్తున్నాడు.

ఫారాలమ్మను బెంబేలెత్తించినది సామాను కాదు. ఆ అక్కచెల్లెళ్ల మర్యాద. “ఈ గిన్నె నువ్వే ఉంచుకో అక్కా.” “అక్కర్లేదు, నీకే పనికొస్తుంది.” “నీకు అలవాటైన గిన్నె కదా.” “ఫరవాలేదులే.” తమ జన్మలో ఎన్నడూ ఇలా మాట్లాడుకుని ఎరగరు. ఒకరినొకరు మీరు అనుకోవడం ఒక్కటే తక్కువ.

“ఆపండర్రా!” అని ఫారాలమ్మ బండికి అడ్డంగా నిలబడింది. “మీరిద్దరూ ఇలా కూర్చోండి. నేను చదవాలి.”

“ఇప్పుడా వదినా?” అని సూదమ్మ విస్తుపోయింది. “బండి కట్టించుకున్నాంగా.”

“బండి కట్టించింది నేను. నేనే విప్పిస్తాను. కూర్చో.”

సూదమ్మ ఒక పెట్టె మీద, జిగురమ్మ గుమ్మం మెట్టు మీద కూర్చున్నారు. ఎదురెదురుగా కాదు, ఎడంగా. ఫారాలమ్మ కోడలి భుజం మీద ఒక చెయ్యి వేసి, నీలం అట్ట విప్పి, ముందరి ఫారం కడపటి పుట నుంచి మొదలుపెట్టింది. పక్కింటి పెద్దమనిషి బోధ వచ్చింది. కోడలు పుట తిప్పింది.

“‘ఆయన మాట నమ్మి నేను బోల్తాపడ్డాను. మా అన్నయ్యను ఒప్పించి వేరే ఇల్లు తీసుకున్నాను. కిటికీ తెరిచే విషయంలో తగువు లేదు. దీపం ఆర్పే విషయంలో తగువు లేదు. నెల తిరిగేసరికి తగువు లేని ఇల్లు ఎంత పెద్దదో తెలిసివచ్చింది. కుళాయి కట్టెయ్యరా అని అరిచే మనిషి లేని ఇంట్లో నీటిచుక్క కూడా ఉరిమినట్టు వినిపిస్తుంది.’”

జిగురమ్మ చటుక్కున తలెత్తింది. “ఇది మొన్న చెప్పలేదే?”

“మొన్నా ఉంది, అటు మొన్నా ఉంది. నేనే తిప్పలేదు.”

“అయితే వేరుపడమని పుస్తకం అనలేదా?”

“లేదు. పక్కింటాయన అన్నాడు. ఆయన మాటే పైన పడింది, అదే నా కంటబడింది.”

“మరి ఆ ఎర్ర గొడుగుల వాళ్లో?” అని సూదమ్మ నిలదీసింది.

“వాళ్లు పుస్తకంలో లేరమ్మా. నా కడుపున పుట్టారు.”

బండాయన తాడు వదిలేసి దగ్గరకు వచ్చాడు. “అమ్మా, బండి కదలాలా, ఆగాలా? చదువు అయ్యాక చెబుతారా?”

“కాసేపు ఆగు బాబూ” అన్నది ఫారాలమ్మ, అని చదవసాగింది. “‘ఎదురుచూపు పుట్టిన మాట వాస్తవమే. కాని ఎదురుచూపుకు పొద్దున్నే లేచి కాఫీ కలపడం రాదు. ఒళ్లు వెచ్చగా ఉంటే నుదుటి మీద చెయ్యి వేసి చూడడం రాదు...’”

సూదమ్మ మొహం పక్కకు తిప్పుకున్నది. అది చూసి జిగురమ్మకు కోపం వచ్చింది, ఇన్నాళ్ల తరువాత మొదటిసారి.

“ఇప్పుడెందుకు ఏడుపు? వెళ్తానన్నది నువ్వే కదా!”

“నాకోసమా వెళ్తానంది? నీ కోసం! ‘ఎంత బాగా రాశాడమ్మా’ అని కళ్లొత్తుకున్నావు. నా పోరు పడలేక ఉన్నావేమో, నోరు విడిచి చెప్పలేకపోతున్నావేమో అనుకున్నాను.”

“నేను కళ్లొత్తుకుంది గొడుగు కోసమే మొద్దూ! నువ్వు ‘బాగానే ఉంది’ అంటే, నా రేడియో గోల వదిలించుకోవాలనుందేమో అనుకున్నాను. ఆపితే నిన్ను కట్టేసినట్టు ఉంటుందని నోరు మూసుకున్నాను.”

“నువ్వు! నోరు మూసుకున్నావు! పుట్టి బుద్ధెరిగాక ఒక్కసారీ మూసుకోనిదానివి, మూసుకోక మూసుకోక ఇప్పుడా మూసుకోవడం?”

“అడిగితే నీ సొమ్మేం పోయింది?”

“నువ్వడిగితే నీదేం పోయింది?”

వీధిలో నడిచేవారు ఆగి చూశారు. ఫారాలమ్మ పుస్తకాన్ని గుండెలకు హత్తుకుని ఆ పోట్లాటను పాట విన్నట్టు విన్నది. ఆ గొంతుల్లో మునుపటి మర్యాద మచ్చుకైనా లేదు. సూదమ్మ పెట్టె మీద నుంచి లేచి చెల్లెలి నెత్తి మీద ఒక్క మొట్టికాయ వేసి, ఆ చేత్తోనే దాని మొహం తుడిచింది.

“బాబూ, సామాను దింపెయ్యి” అని బండాయనతో అన్నది.

“దింపుతానమ్మా. కాని ఆ తమ్ముడు మళ్లీ అన్న దగ్గరకు వెళ్లాడా, లేదా? ఆ ముక్క చెప్పించండి, నాకు చేతులాడవు.”

“వెళ్లాడు,” అని కోడలు నవ్వుతూ చెప్పింది, “వెళ్లేసరికి అన్నయ్య ఆ గది అద్దెకిచ్చేశాడు. తమ్ముడు వరండాలో పడుకున్నాడు.”

“పడుకోవలసిందే!” అని బండాయన తీర్పు చెప్పి మంచం భుజానికెత్తాడు.

సామానంతా ఒక్కసారి బయటపడి తిరిగి లోపలికి వెళ్లడంతో, ఏది ఎక్కడ ఉండేదో ఎవరికీ గుర్తు లేకపోయింది. ఎన్నో ఏళ్లుగా కదలని గది ఖాళీగా, కొత్తగా, వెలుతురుగా కనబడింది. మంచం గుమ్మం దాటిందో లేదో మళ్లీ మొదలైంది.

“కిటికీ కింద నా మంచం!” అన్నది జిగురమ్మ.

“ఆశ దోశ! నీకు గాలి పడదు. కిటికీ కింద నాది.”

“గాలి పడకపోతే నీకెందుకు, పడుకునేది నేను కదా?”

“దగ్గేది నువ్వు, మేలుకునేది నేను!”

ఫారాలమ్మకు ఉండబట్టలేదు. చెయ్యి ఎత్తి, అలవాటైన గొంతుతో, “అసలు మంచాల సంగతికి వస్తే పుస్తకం ఏమంటోందంటే...” అని అందుకున్నది.

“ఏ పేజీలో?” అని అక్కచెల్లెళ్లిద్దరూ ఒక్క గొంతుతో అడిగారు.

బండాయన ఫక్కున నవ్వాడు. కోడలు నోటికి చెంగు అడ్డం పెట్టుకున్నది. ఫారాలమ్మ ఎత్తిన చెయ్యి దించింది. చేతిలోని పుస్తకం వైపు చూసింది. దానిని మూసి కోడలికిచ్చింది. గది నాలుగు మూలలూ ఒకసారి కలియజూసింది. పెద్ద బల్లను ఎలా పెడితే ఎంతమంది దాని చుట్టూ తిరగగలరో తెలిసిన కళ్లు అవి.

“ఏ పేజీలోనూ లేదు. పుస్తకం ఏమీ అనడం లేదు. నేనంటున్నాను” అన్నది. “ఆ బల్లను గోడ వారకు జరిపితే రెండు మంచాలూ కిటికీ కిందే పడతాయి. ఒకరు దగ్గినా ఇంకొకరు అరిచినా చేతికందేంత దూరంలో ఉంటారు.”

పుస్తకం పేరు ఎత్తకుండా ఫారాలమ్మ ఏదైనా చెప్పడం వారెవరూ అంతవరకు విని ఉండలేదు. ఆవిడా విని ఉండలేదు.

“ఆహా! నువ్వంటే మేం వినాలా?” అన్నది సూదమ్మ నడుం మీద చేతులు పెట్టుకుని.

“వినకపో. నేను మాత్రం అంటాను.”

“ఒసే, ఏం చేస్తున్నావే అక్కడ?” అని సూదమ్మ వెనక్కి తిరిగి చూసేసరికి, జిగురమ్మ అప్పటికే బల్ల ఒక కొస పట్టుకుని గోడ వైపు ఈడుస్తున్నది.

“చూస్తావేం అక్కా, ఆ కొస పట్టుకో” అన్నది.